జిన్ను: ఒక కత్తిరింపు మాట, దాని అర్థాలు, వాడుక



వార్షికోత్సవ సంచికకు చదువుకు పనికొచ్చే వ్యాసం ఒకటి రాసి పంపమని వార్డెన్ సారు అడిగారు. "ఇంగ్లీషు ఎలా నేర్చుకోవాలి" అని రాద్దామని మొదట అనుకున్నాం. అంత పెద్ద విషయం నాలుగు పేజీల్లో ఇమడదు. అందుకని ఒకే ఒక్క ఇంగ్లీషు మాటను తీసుకున్నాం. ఇంగ్లీషులో దానికి మూడే అక్షరాలు: జి, ఐ, ఎన్. ఆదోనిలో బడి ముఖం చూడని అవ్వకు కూడా తెలిసిన మాట అది. జిన్ను.

ఈ మాటను సరిగా నేర్చుకోవడానికి మాకు ఇరవై రెండేళ్లు పట్టింది. ఎందుకో ముందు చెప్పి తర్వాత పాఠంలోకి పోతాం.

ఒక మాట తెచ్చిన నవ్వు

మా అమ్మ ఆదోనిలో పత్తి మిల్లులో కూలిపని చేస్తుంది. పత్తి సీజను మొదలైనప్పటి నుంచి ఎండలు ముదిరేదాకా పని ఉంటుంది. పొద్దున్నే సద్ది కట్టుకొని బయలుదేరుతుంటే "యాడికి మా?" అని అడిగేవాళ్లం. "జిన్నుకు పోతాండ" అనేది. సాయంత్రం ఇంటికి వచ్చేసరికి తల, కనుబొమ్మలు, చీర అంచు అన్నీ తెల్లగా దూది పట్టి ఉండేవి. మా వీధిలో ఉర్దూ మాట్లాడే ఒక నానీ ఉండేది. ఆమె రాత్రిపూట పిల్లలను కూర్చోబెట్టుకొని జిన్నుల కథలు చెప్పేది. కంటికి కనబడవు, బావుల్లో, పాడుబడిన ఇళ్లలో ఉంటాయి అనేది. మా అమ్మ పోయేది ఆ జిన్నుల దగ్గరికేనని, అవి ఊదితేనే అమ్మ తల తెల్లబడుతుందని మేము చాలాకాలం నమ్మాం.

మన పడమటి పల్లెల సంగతి మీకు చెప్పనక్కరలేదు. వాన మొహం చాటేస్తే జనం సుగ్గికి పోతారు. గుంటూరు వైపు మిరపకాయలు కోయడానికి పిల్లాజెల్లాతో పోతే నెలలు గడుస్తాయి. బడిలో పేరుంటుంది, పిల్లవాడు ఉండడు. అమ్మకు జిన్నులో పని దొరికింది కాబట్టి మేము సుగ్గికి పోలేదు. బడి నిలిచింది. తర్వాత హాస్టల్లో సీటు వచ్చింది. మా ఇంటివైపు, అమ్మ పుట్టింటివైపు చూసినా డిగ్రీ పాసైన మొదటివాళ్లం మేమే.

పీజీలో చేరిన కొత్తలో స్పోకెన్ ఇంగ్లీషు క్లాసు పెట్టారు. ఒక్కొక్కరు లేచి తల్లిదండ్రుల గురించి చెప్పాలి. మా వంతు వచ్చింది. లేచి "మై మదర్ వర్క్స్ ఇన్ జిన్" అన్నాం. ఒక్క క్షణం నిశ్శబ్దం. తర్వాత క్లాసంతా నవ్వు. వెనక బెంచీ నుంచి ఎవరో "మరి ఫాదర్ విస్కీలోనా?" అన్నారు. పాఠం చెప్పే ఆయన కూడా నవ్వుతూనే "జిన్ అంటే మద్యం, సిట్ డౌన్" అన్నారు. కూర్చున్నాం. తప్పు ఎక్కడుందో మాకు అర్థం కాలేదు. అమ్మ పని పేరు పైకి చెప్పకూడనిదని మాత్రం అర్థమైంది.

ఆ తర్వాత నింపిన ఫారంలో తల్లి వృత్తి దగ్గర "హౌస్ వైఫ్" అని రాశాం. సెలవులకు ఇంటికి పోయినప్పుడు మా చెల్లెలు ఆ ఫారం జిరాక్సు చూసి చదివి వినిపించింది. అమ్మ కోప్పడలేదు. "ఇంటిపని ఎట్లా చేస్తాండ. దాంతోపాటు చేసే పని ఏమైపోయె నాయినా?" అంది. మా దగ్గర జవాబు లేదు.

ఆ ప్రశ్నకు జవాబు వెతుకుతూ పెద్ద నిఘంటువు తెరిచాం. అక్కడ దొరికిందే ఈ పాఠం.

కత్తిరింపు మాట అంటే

ఇంగ్లీషువాళ్లు పొడుగు మాటను కత్తిరించి పొట్టి చేసుకుంటారు. దీన్ని కత్తిరింపు మాట అందాం. మనం రోజూ వాడేవాటిలో ఇవి చాలా ఉన్నాయి. కత్తిరింపు మూడు రకాలు.

తోక తీసేసినవి మొదటి రకం. లేబొరేటరీ ల్యాబ్ అయింది. ఎగ్జామినేషన్ ఎగ్జామ్ అయింది. ఫోటోగ్రాఫ్ ఫోటో అయింది. ఆటోరిక్షా ఆటో అయింది. మనవాళ్లు సొంతంగా తోక తీసినవీ ఉన్నాయి. సప్లిమెంటరీని సప్లీ చేసింది మనమే. ఆ మాట మన హాస్టల్లో ఎవరికీ వివరించనక్కరలేదు.

తల తీసేసినవి రెండో రకం. టెలిఫోన్‌లో తల పోయి ఫోన్ మిగిలింది. ఆమ్నిబస్‌లో తల పోయి బస్ మిగిలింది. ఆమ్నిబస్ లాటిన్ మాట. "అందరికీ" అని అర్థం. అందులో అసలు అర్థమున్న "ఆమ్ని" పోయి విభక్తి ప్రత్యయం మాత్రం మిగిలింది. "అందరికీ" లోంచి "అందరి" తీసేసి "కీ" ఎక్కి ఎమ్మిగనూరు పోయినట్టన్నమాట.

తల, తోక రెండూ తీసేసినవి మూడో రకం. ఇన్‌ఫ్లుయెంజా నుంచి ఫ్లూ వచ్చింది. రెఫ్రిజిరేటర్ నుంచి ఫ్రిజ్ వచ్చింది.

కత్తిరించడంలో ఒక చిక్కుంది. రెండు వేర్వేరు పొడుగు మాటలను కత్తిరిస్తే ఒకే ముక్క మిగలవచ్చు. అప్పుడు వినేవాడికి ఏ మాట ముక్కో తెలియదు. జిన్ విషయంలో జరిగింది ఇదే.

మొదటి జిన్: గింజ తీసే యంత్రం

ఈ జిన్ ఎక్కడ నుంచి వచ్చిందో తెలిస్తే మీరు ఆశ్చర్యపోతారు. ఇంజిన్ అనే మాట తల కత్తిరిస్తే జిన్ వచ్చింది. రైలింజను, మోటారింజను అంటామే, ఆ ఇంజనే. ఈ కత్తిరింపు జరిగి సుమారు 800 ఏళ్లయింది. అప్పటికి రైళ్లూ లేవు, మోటార్లూ లేవు. ఆ కాలంలో ఇంజిన్ అంటే తెలివిగా చేసిన ఏ సాధనమైనా సరే. కోట గోడలు కూల్చేదీ ఇంజినే, బరువులెత్తేదీ ఇంజినే.

ఇంజిన్ పాత ఫ్రెంచి నుంచి వచ్చింది. ఫ్రెంచికి లాటిన్ నుంచి వచ్చింది. లాటిన్‌లో అది "ఇంజీనియమ్". అంటే పుట్టుకతో వచ్చిన తెలివి, లోపలి ప్రతిభ. ఇంజనీరు అనే మాట కూడా ఈ కుదురులోదే. అంటే ఇంజనీరు, ఇంజను, జిన్ను ముగ్గురూ ఒక తల్లి పిల్లలు. ఒకరు కాలేజీ చదివి టై కట్టుకున్నారు, ఒకరు రైలు పట్టాల మీదికి పోయారు, మూడోవాడు ఆదోనిలో పత్తి మిల్లులో కుదురుకున్నాడు.

ఈ యంత్రం చేసే పని ఏమిటి? చేను నుంచి వచ్చిన పత్తిలో దూది, గింజ అతుక్కుని ఉంటాయి. వాటిని విడదీయాలి. మన ప్రాంతపు మిల్లుల్లో ఎక్కువగా ఉండేవి రెండు రోలర్ల యంత్రాలు. తోలు చుట్టిన రెండు రోలర్లు ఎదురెదురు దిశల్లో తిరుగుతుంటాయి. దూది పోగులు రోలరుకు అంటుకొని ముందుకు పోతాయి. గింజ లావుగా ఉంటుంది కాబట్టి కత్తి అంచు దగ్గర ఆగిపోతుంది. ఆడే ఇంకో కత్తి దాన్ని తట్టితే కిందికి రాలుతుంది. ఇంతే సూత్రం.

లెక్కలు ఇష్టమైన తమ్ముళ్ల కోసం ఒక లెక్క. 100 కిలోల పత్తిని జిన్ను చేస్తే సుమారు 33 నుంచి 35 కిలోల దూది వస్తుంది. మిగిలినదంతా దాదాపు గింజే, కొంచెం చెత్త పోతుంది. దూదిని ప్రెస్సులో అదిమి బేలు కడతారు. మన దేశంలో ఒక బేలు 170 కిలోలు. అంటే ఒక్క బేలుకు సుమారు 5 క్వింటాళ్ల పత్తి కావాలి. గింజలు నూనెకు, పిండిన చెక్క పశువుల మేతకు పోతాయి.

యంత్రానికి పత్తి అందించడం, ఆకూ పుల్లా ఏరడం, కింద రాలిన గింజ ఎత్తడం మనుషుల పని. అందులో ఎక్కువమంది ఆడవాళ్లు. దుమ్ము ఊపిరితిత్తుల్లోకి పోతుంది. ఏళ్ల తరబడి పత్తి దుమ్ము పీల్చినవారికి వచ్చే జబ్బు పేరు బిస్సినోసిస్. సెలవు తర్వాత పనిలోకి పోయిన మొదటిరోజు ఛాతీ పట్టేసినట్టుండటం దాని గుర్తు. మా అమ్మ దాన్ని "దూది ఆయాసం" అంటుంది. ముక్కుకు గుడ్డ కట్టుకోవడం, జుట్టు ముడేసి కొంగు బిగించుకోవడం అక్కడ మొదటి పాఠం. తిరిగే రోలరుకు కొంగనీ జుట్టనీ తేడా తెలియదు.

ఈ యంత్రానికి మన దేశంలో చాలా పాత చరిత్ర ఉంది. గింజ తీసే రోలరు సాధనం అజంతా గుహల 5వ శతాబ్దపు చిత్రాల్లో కనిపిస్తుంది. తర్వాత చేత్తో తిప్పే రెండు రోలర్ల చర్ఖీ వచ్చింది. అమెరికాలో ఎలై విట్నీ 1793లో ఇనుప పళ్లతో దూది లాగే యంత్రం చేసి 1794 మార్చి 14న పేటెంటు పొందాడు. ప్రపంచమంతా దానికి కాటన్ జిన్ అనే పేరు స్థిరపడింది. తోలు రోలరు, కత్తి కలిపిన పద్ధతికి 1840లో ఫోన్స్ మెకార్తీ పేటెంటు తీసుకున్నాడు. ఇప్పటి మన మిల్లుల యంత్రాలు ఆ దారిలోవే.

ఇక్కడ మన హాస్టలు పిల్లలు ప్రత్యేకంగా గుర్తుంచుకోవలసిన విషయం ఒకటుంది. చేత్తో ఒక మనిషి రోజుకు ఒక పౌను దూది తీసేచోట విట్నీ యంత్రం 50 పౌన్లు తీసేది. పని తగ్గింది కదా, కూలివాడి కష్టం తగ్గాలి. జరిగింది తారుమారు. గింజ తీయడం సులువైంది కాబట్టి భూస్వాములు పత్తి సాగు విపరీతంగా పెంచారు. పత్తి నాటడానికి, తీయడానికి ఇంకా ఎక్కువమంది బానిసలు కావలసి వచ్చారు. 1790లో అమెరికాలో సుమారు 7 లక్షలమంది నల్లజాతి బానిసలుంటే, 1860 నాటికి దాదాపు 40 లక్షలయ్యారు. యంత్రం తెలివైనదైతే చాలదు, అది ఎవరి చేతిలో ఉందన్నదే అసలు ప్రశ్న అని ఈ లెక్క చెబుతుంది.

1861 నుంచి 1865 దాకా అక్కడ అంతర్యుద్ధం జరిగింది. ఇంగ్లండు మిల్లులకు అమెరికా పత్తి ఆగిపోయి భారతదేశపు పత్తికి గిరాకీ పెరిగింది. యుద్ధం ముగిశాక 1865లో బానిసత్వం చట్టపరంగా రద్దయింది. మన దేశంలో మహాత్మా జోతిరావు ఫూలే 1873లో రాసిన "గులాంగిరీ" పుస్తకాన్ని ఆ బానిసత్వాన్ని తొలగించడానికి పాటుపడిన అమెరికా ప్రజలకే అంకితమిచ్చారు. జిన్ అనే మూడక్షరాల వెనక ఇంత కథ ఉంది. మన నల్లరేగడి నేలల పత్తి కూడా 1871లో రాయచూరు దగ్గర రెండు రైలుమార్గాలు కలిసిన తర్వాత నేరుగా బొంబాయి, మద్రాసు వైపు రైలెక్కగలిగింది. అప్పుడు ఆదోని బళ్లారి జిల్లాలో ఉండేది. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు కర్నూలు జిల్లాలో కలిసింది.

రెండో జిన్: మద్యం

ఆరోజు క్లాసులో నవ్వినవాళ్లకు తెలిసిన జిన్ ఇది. ఇదీ కత్తిరింపు మాటే, కానీ కత్తిరించిన గుడ్డ వేరు. డచ్చివాళ్లు జూనిపర్ అనే చెట్టు కాయల వాసన పట్టించి ఒక సారాయి తీసేవారు. దాని పేరు జెనీవర్. ఇంగ్లీషువాళ్ల నోట్లో అది జెనీవా అయింది. 18వ శతాబ్దం మొదట్లో తోక కత్తిరించి జిన్ అన్నారు. స్విట్జర్లాండులోని జెనీవా నగరానికి, దీనికి సంబంధం లేదు. జూనిపర్ చెట్టు లాటిన్ పేరు నుంచి వచ్చిన మాట ఇది.

చవకగా దొరకడంతో లండను పేదలు దీనికి బానిసలయ్యారు. అదుపు చేయడానికి 1736లోను, 1751లోను చట్టాలు చేయవలసి వచ్చింది. 1751లోనే విలియం హోగార్త్ అనే చిత్రకారుడు "జిన్ లేన్" పేరుతో ఆ వీధుల దుస్థితిని బొమ్మ గీసి అచ్చు వేశాడు. పేకాటలో జిన్ రమ్మీ అనే ఆట పేరు కూడా ఈ మద్యం వైపునుంచి వచ్చిందే. ఈ జిన్ గురించి మన హాస్టలు పత్రికలో ఇంతకంటే ఎక్కువ రాయనవసరం లేదు.

గమనించండి. యంత్రం జిన్ తల తెగిన మాట. మద్యం జిన్ తోక తెగిన మాట. రెండూ పక్కపక్కన నిలబడితే కవలల్లా ఉంటాయి గాని చుట్టరికమే లేదు.

మూడో జిన్: ఉచ్చు

పాత ఇంగ్లీషు పుస్తకాల్లో జిన్ అంటే పక్షులకు, జంతువులకు పన్నే ఉచ్చు అనే అర్థం ఉంది. ఉచ్చు కూడా తెలివిగా చేసిన సాధనమే కాబట్టి ఇది మొదటి జిన్‌కు సొంత తోబుట్టువు. ఇంగ్లీషు బైబిలు చదివే తమ్ముళ్లు 1611 నాటి పాత అనువాదంలో కీర్తనలు, ఆమోసు గ్రంథాలు చూస్తే ఈ మాట ఈ అర్థంలోనే కనబడుతుంది. అక్కడ మద్యం అనుకుంటే వాక్యం తలకిందులవుతుంది. ఇనుప కోరలతో కాలు పట్టేసే జిన్ ట్రాప్‌ను ఇంగ్లండులో 1958 నుంచి నిషేధించారు. ఇళ్లు కట్టేచోట బరువులు పైకి లాగే కప్పీని జిన్ వీల్ అంటారు. అది కూడా ఈ కుటుంబమే.

నాలుగోది: మా నానీ చెప్పిన జిన్ను

ఇది కత్తిరింపు మాట కాదు, అసలు ఇంగ్లీషే కాదు. అరబ్బీ మాట. కంటికి కనబడకుండా దాగి ఉండేవి అని దాని ధాతువు చెబుతుంది. ఖురానులో 72వ సూరా పేరు అల్ జిన్. జిన్ను పట్టినవాడు మజ్నూన్. లైలా మజ్నూ కథలో ప్రేమపిచ్చి పట్టినవాడికి ఆ పేరు అందుకే వచ్చింది.

అల్లావుద్దీన్ దీపంలోంచి వచ్చే భూతాన్ని ఇంగ్లీషులో జీనీ అంటారు. 1704 నుంచి అరేబియన్ నైట్స్ కథలు ఫ్రెంచిలోకి వచ్చినప్పుడు జిన్ అనే అరబ్బీ మాటకు శబ్దంలో దగ్గరగా ఉందని ఫ్రెంచి మాట "జెనీ"ని వాడారు. అది లాటిన్ "జీనియస్" నుంచి వచ్చింది. ఈ జీనియస్‌కు, మన యంత్రం తాలూకు ఇంజీనియమ్‌కు ధాతువు ఒకటే. అంటే చిన్నప్పుడు మేము అమ్మ మిల్లును, నానీ భూతాన్ని కలిపి చేసిన పొరపాటు మరీ మొద్దు పొరపాటేమీ కాదు.

ఇంకొక్క మెట్టు ఎక్కుదాం. 1786లో కలకత్తాలో విలియం జోన్స్ సంస్కృతం, గ్రీకు, లాటిన్ ఒకే మూలభాష నుంచి వచ్చి ఉండాలని చెప్పాడు. ఆ చుట్టరికం ప్రకారం లాటిన్‌లోని "జెన్" ధాతువు, సంస్కృతంలోని "జన్" ధాతువు ఒకటే. జననం, జన్మ, జనని అన్నీ అందులోనుంచి పుట్టినవే. తెలుగు ద్రావిడ భాష అయినా ఈ మాటలను సంస్కృతం నుంచి తెచ్చుకుంది. కాబట్టి జిన్ను, జనని దూరపు చుట్టాలు. నిఘంటువులో ఈ సంగతి తెలిసిన రాత్రి మాకు చాలాసేపు నిద్ర పట్టలేదు.

తెలుగులోకి వచ్చాక ఏమైంది

డిగ్రీలో తెలుగు చదివే తమ్ముళ్లకు ఈ భాగం పరీక్షకు పనికొస్తుంది.

మొదట శబ్దం. ఇంగ్లీషు మాట హల్లుతో ముగిస్తే తెలుగు దానికి ఉకారం చేరుస్తుంది. ముందున్న అచ్చు పొట్టిదైతే హల్లు రెట్టిస్తుంది: పెన్ పెన్ను, పిన్ పిన్ను, బస్ బస్సు, మిల్ మిల్లు. అచ్చు పొడుగుదైతే రెట్టించదు: ఫోన్ ఫోను, ట్రైన్ ట్రైను, టీమ్ టీము. మా అమ్మకు ఈ సూత్రం ఎవరూ చెప్పలేదు. అయినా ఆమె జిన్‌ను తప్పు లేకుండా జిన్ను చేసింది.

తర్వాత అర్థం. ఇంజిన్ అంటే ఏ సాధనమైనా అనే స్థితి నుంచి జిన్ అంటే గింజ తీసే యంత్రం అనే స్థితికి రావడం అర్థసంకోచం. వెనకటికి ఏ బట్టకైనా చెల్లిన "చీర" ఆడవాళ్ల బట్టకే పరిమితమైనట్టు. మన ఊళ్లో మళ్లీ దారి మారింది. మనకు జిన్ను అంటే ఒక్క యంత్రం కాదు. షెడ్డు, గేటు, కాటా, ప్రెస్సు, వరండాలో సద్ది తినే చోటు అన్నీ కలిపి జిన్ను. ఇది అర్థవ్యాకోచం. నువ్వుల నుంచి తీసిన "నూనె" ఇప్పుడు పత్తిగింజల నూనెకూ చెల్లినట్టు.

ఇంకో ముచ్చట. ఈ మాట ఆదోని నుంచి సుమారు 30 కిలోమీటర్ల దూరంలోని ఎమ్మిగనూరుకు పోయేసరికి పలచబడుతుంది. మాతో చదివిన ఎమ్మిగనూరు స్నేహితుడి ఇంట్లో మగ్గం ఉంది. అది మాచాని సోమప్ప గారు 1938లో నెలకొల్పిన చేనేత సహకార సంఘం వల్ల పేరుపొందిన ఊరు. వాళ్లింట్లో రోజూ వినబడేవి పడుగు, పేక, కండె, అచ్చు. "మాకు దూది ఎక్కడనుంచి వస్తుందో ఆలోచించలేదు, మేము నూలు నుంచే మొదలుపెడతాం" అన్నాడు. ఒకే పత్తికి ఆదోనిలో ఒక పదజాలం, ఎమ్మిగనూరులో ఇంకో పదజాలం. మధ్యలో దూది ఏకే పని ఒక కులానికి దూదేకుల అని పేరే ఇచ్చింది. "ఏకై వచ్చి మేకై కూర్చున్నాడు" అనే సామెతలో ఏకు కూడా వడకడానికి సిద్ధం చేసిన ఆ దూదే. పనిని బట్టి మాట, మాటను బట్టి మనిషి పేరు ఏర్పడతాయని మన రెండు ఊళ్లు చూస్తే తెలుస్తుంది.

ఇంగ్లీషులో సరిగా వాడటం

మేము క్లాసులో చేసిన తప్పు అర్థంలో కాదు, వాక్యంలో. జిన్ ముందు "ఏ" గాని "ది" గాని లేకుండా చెబితే ఇంగ్లీషువాడికి అది ద్రవపదార్థంలా వినబడుతుంది. నీళ్లు, పాలు, నూనె లాగా లెక్కపెట్టలేని వస్తువు అనుకుంటాడు. కాబట్టి కింది విధంగా చెప్పాలి.

1. మిల్లు గురించి: "మై మదర్ వర్క్స్ ఇన్ ఏ కాటన్ జిన్నింగ్ మిల్." ఇది అందరికీ అర్థమయ్యే వాక్యం.

2. యంత్రం గురించి: "దిస్ జిన్ హ్యాజ్ టూ రోలర్స్." ఇక్కడ జిన్‌ను లెక్కపెట్టవచ్చు. ఒక జిన్, రెండు జిన్స్.

3. క్రియగా: "దే జిన్ కాటన్ ఇన్ ఆదోని." జిన్ చేయడం అంటే గింజ వేరుచేయడం. గతంలో చెప్పాలంటే జిన్డ్. గింజ తీసిన దూది జిన్డ్ కాటన్.

4. మనిషి గురించి: జిన్నర్ అంటే జిన్నింగు మిల్లు నడిపేవాడు. కూలిపని చేసేవారు జిన్నింగ్ వర్కర్స్. ఈ రెండూ కలపకండి. కూలి మనిషిని జిన్నర్ అని రాస్తే ఆదాయ ధ్రువపత్రం దగ్గర ఇబ్బంది పడతారు.

దగ్గరగా వినబడే మాటల విషయంలోనూ జాగ్రత్త. జీను అంటే గుర్రం వీపు మీద వేసేది, పారసీ మాట. జీన్ అంటే జన్యువు, 1909లో ఒక డెన్మార్కు శాస్త్రవేత్త చేసిన మాట. 2002లో మన దేశంలో అనుమతి పొందిన బీటీ పత్తిలో చేర్చింది ఒక బాక్టీరియా జీన్. తొడుక్కునే జీన్స్ పేరు ఇటలీలోని జెనోవా నగరం నుంచి వచ్చింది. చేలో జీన్, మిల్లులో జిన్, ఒంటి మీద జీన్స్. మూడూ పత్తి చుట్టూ తిరిగేవే, మూడింటి స్పెల్లింగూ వేరు.

ఇలాంటిదే ఇంకొక హెచ్చరిక. "ఐ కంప్లీటెడ్ ఇంటర్" అని బయటి రాష్ట్రాల్లో చెప్పకండి. ఇంటర్ మనం తోక తీసిన మాట. ఇంగ్లీషులో ఇంటర్ అనే క్రియకు శవాన్ని పాతిపెట్టడం అని అర్థం. ఇంటర్మీడియట్ అని పూర్తిగా చెప్పండి, లేదా ట్వెల్త్ అనండి. మన ఊళ్లో మనతో మనం ఇంటర్ అనుకోవడంలో తప్పేమీ లేదు. ఎక్కడ, ఎవరితో మాట్లాడుతున్నామో చూసుకోవడమే వాడుక తెలియడం.

తమ్ముళ్లకు అభ్యాసం

1. ఫ్యాన్, జీప్, టిన్, గన్ అనే మాటలు తెలుగులో ఏ రూపం పొందుతాయి? పై సూత్రంతో సరిచూడండి.

2. మన హాస్టల్లో రోజూ వినబడే పది కత్తిరింపు మాటలు రాసి, తల తెగిందో తోక తెగిందో చెప్పండి.

3. ఒక మిల్లులో రోజుకు 20 బేళ్లు కట్టాలంటే సుమారు ఎన్ని క్వింటాళ్ల పత్తి కావాలి?

4. మీ అమ్మానాన్నలు చేసే పనిలో వాడే సాధనాల పేర్లు పది అడిగి రాసుకోండి. ఒక్కోదానికి ఇంగ్లీషు మాట వెతకండి. దొరకకపోతే ఆ పని ఏమిటో ఒక వాక్యంలో రాయండి.

నాలుగో ప్రశ్నను దయచేసి వదలకండి. మిగతా మూడింటికి పుస్తకం చాలు. దీనికి మాత్రం సెలవుల్లో ఇంటికి పోయి అమ్మ పక్కన కూర్చోవాలి. మేము కూర్చున్నాం. రోలరు తోలు అరిగితే శబ్దం ఎలా మారుతుందో, చేతిలోకి గుప్పెడు పత్తి తీసుకొని తేమ ఎంతుందో ఎలా చెప్పవచ్చో, వానకు తడిసిన పత్తి రోలరుకు ఎందుకు చుట్టుకుంటుందో అమ్మ ఒక గంటసేపు చెప్పింది. సంతకానికి వేలిముద్ర వేసే మనిషి ఏ కాగితమూ చూడకుండా చెప్పింది. పుట్టుకతో వచ్చిన తెలివి అని లాటిన్‌వాళ్లు దేన్నన్నారో మాకు అప్పుడు తెలిసింది.

నవ్విన స్నేహితుల మీద ఇప్పుడు మాకు కోపం లేదు. వాళ్లకు ఒక జిన్ తెలుసు, మాకు ఇంకొకటి తెలుసు. వాళ్లు తమకు తెలిసినదే మొత్తం అనుకున్నారు. మేము మాకు తెలిసినది తప్పనుకున్నాం. రెండోదే పెద్ద పొరపాటు. మీరు పెద్ద కాలేజీలకు పోతారు, ఇంటర్వ్యూలకు పోతారు. మీ ఇంటి మాట విని ఎవరైనా నవ్వితే వెంటనే దాన్ని దాచేయకండి. నిఘంటువు తెరవండి. నవ్వినవాడికంటే ఆ మాట వయసు ఎక్కువ ఉండవచ్చు.

ఈ ఏడాది ఫారం వచ్చింది. తల్లి వృత్తి అనే గడిలో "వర్కర్, కాటన్ జిన్నింగ్ మిల్, ఆదోని" అని రాశాం. గడి చిన్నది, మాట కొంచెం బయటికి వచ్చింది. కత్తిరించకుండా అలాగే ఉంచి ఇచ్చేశాం.